బుదైయాలో ఒక నక్క రీలు

1994 ఆగస్టు 3, బుధవారం, ఉదయం 11 గంటల 40 నిమిషాలకు బొంబాయిలో మా విమానం నేల వదిలింది. నాకు అప్పటికి అరవై అయిదేళ్ళు. అంతకుముందు నేను దాటిన నీళ్ళలోకెల్లా పెద్దవి కృష్ణా, గోదావరి మాత్రమే.

బహ్రెయిన్ వెళ్ళేవాళ్ళు సాధారణంగా సంపాదనకు వెళ్తారు. నేను ఒక సినిమా రీలు బాగు చెయ్యడానికి వెళ్ళాను. విజయవాడలో ఒక సినిమా పంపిణీ ఆఫీసులో 1951 నుంచి 1987 దాకా, ముప్ఫై ఆరేళ్ళు, రీళ్ళు తనిఖీ చేశాను. ఊళ్ళు తిరిగి వచ్చిన ప్రింటును బల్ల మీద పెట్టి, రెండు వేళ్ళ మధ్య నుంచి నడిపిస్తూ, చిరిగినచోట కోసి అతికించడం నా పని. కోసిన ప్రతి ముక్కకీ పుస్తకంలో లెక్క రాయాలి. రాయని ముక్క ఒక్కటీ లేదు.

మా చెల్లెలి కూతురు వరలక్ష్మి రాజోలు దగ్గర నుంచి వెళ్ళి బహ్రెయిన్‌లో బుదైయా అనే ఊళ్ళో ఒక జపాను ఆవిడ ఇంట్లో పనిచేస్తోంది. ఆవిడ పేరు కియో. డెబ్భై మూడేళ్ళు. ఇంజనీరైన భర్తతో వచ్చి, ఆయన పోయాక కూడా అక్కడే ఉండిపోయారు. మూకీల కాలంలో ఆవిడ తండ్రి తెర పక్కన నిలబడి జనానికి కథ చెప్పేవాడు. ఆయన చెప్పిన వాటిలో ఒక్క రీలు ఆవిడ దగ్గర మిగిలింది. అది నక్క పెళ్ళాం కథ. తండ్రి మాటలన్నీ ఆవిడకు కంఠతా వచ్చు. కళ్ళకు నీటికాసులు. చూపు పక్కల నుంచి తగ్గుతోందనీ, పోయిన చూపు తిరిగి రాదనీ డాక్టరు చెప్పాడు. చూపు ఉండగా ఒక్కసారి, తెర మీద ఆ బొమ్మ కదులుతుండగా, తండ్రి మాటలు తన నోటితో చెప్పాలన్నది ఆవిడ కోరిక.

"మా పెద్దమ్మకి ఆ పనొచ్చు" అని వరలక్ష్మి ఒక మాట అనేసింది. ఆ రీలు నైట్రేటు ఫిల్ము. నిప్పు తగిలితే భగ్గుమంటుంది కాబట్టి విమానంలో పంపనివ్వరు. రీలు నా దగ్గరికి రాలేదు గనుక నేనే దాని దగ్గరికి వెళ్ళాను.

అరాద్ మీదుగా

నా గడియారంలో మూడున్నర, విమానాశ్రయం గోడ మీద ఒంటిగంట. కస్టమ్స్ అతను నా పెట్టెలో గీకుడు బ్లేడు, భూతద్దం, అతుకు బిగించే చిన్న ఇనుప చట్రం ఒక్కొక్కటే తీసి చూశాడు. జిగురు సీసా మూత తీసి వాసన పీల్చి, పక్కన పెట్టేసి, "ఖలాస్" అన్నాడు. అది అరబ్బీలో సెలవు చెప్పడం కాబోలనుకుని నమస్కారం పెట్టి, సీసా కోసం నిలబడ్డాను. ఆరు నిమిషాలు నిలబడ్డాక వరలక్ష్మి కటకటాల అవతల నుంచి కేకేసింది.

"అయిపోయిందంటన్నాడు పెద్దమ్మా! ఇంకివ్వడు. వచ్చెయ్యి!"

తలుపు దాటగానే కళ్ళద్దాలకు ఆవిరి పట్టేసింది. మూడుసార్లు తుడిచాను. మా బందరు ఉక్క నాకు తెలుసు, ఇది దానికి అక్కలాంటిది. కియో గారి ఇంటి యజమాని అబూ యూసుఫ్ కారు తెచ్చాడు. నా వీసా కాగితం మీద సంతకం పెట్టిన కఫీలు, అంటే పూచీదారు, ఆయనే. అరవై దాటిన మనిషి. అరాద్‌లో ఒక కొట్టు దగ్గర ఆపి, ఉప్పు వేసిన చల్లటి మజ్జిగ డబ్బాలు కొన్నాడు. మన మజ్జిగకన్నా చిక్కన, అల్లం లేదు. తాగుతూ సముద్రం వైపు చెయ్యి చూపించి హిందీలో మాట్లాడాడు. వరలక్ష్మి తెలుగులో చెప్పింది.

ఆయన తండ్రి ముత్యాల కోసం సముద్రంలో మునిగే మనిషి. జపాను వాళ్ళు ముత్యాలు పెంచడం మొదలుపెట్టాక ఇక్కడి పడవలు ఒడ్డునే ఎండిపోయాయట.

"మరి జపాను ఆవిడకే ఇల్లెలా ఇచ్చారో అడుగు" అన్నాను.

ఆయన నవ్వాడు. "ఆమె వచ్చిన రోజున మా నాన్న బతికే ఉన్నాడు. మెడలో ముత్యాలున్నాయా అని చూశాడు. లేవు. యల్లా, ఉండనీ అన్నాడు."

డబ్బా మూత

బుదైయాలో ఇళ్ళ మధ్య తోటలు ఇంకా ఉన్నాయి. కియో గారి కిటికీ లోంచి ఖర్జూరపు చెట్లు కనిపిస్తాయి. రోజూ ఉదయం ఆవిడ తల కదపకుండా వాటిని లెక్కపెడతారు. ఎన్ని కనిపిస్తే అంత చూపు ఉన్నట్టు. నేను వెళ్ళిన మర్నాడు పన్నెండు.

ఆవిడది నెమ్మదైన ఇంగ్లీషు, నాది ఆఫీసు ఇంగ్లీషు. రెండూ సరిపోయాయి. పొట్టి మనిషి. నా సంచి నేనే మోసుకున్నానని కోప్పడ్డారు.

గురువారం ఉదయం డబ్బా మూత తీశాను. మురిగిన చెమట సాక్సుల వాసన. అంచుల్లో గోధుమరంగు పొడి. రీలు చివర పైకి ఉంది. ఆఖరిసారి ఆడించినవాడు వెనక్కి చుట్టకుండా వదిలేశాడన్నమాట. జపానులోనూ అలాంటి ఆపరేటర్లు ఉన్నారని తెలిసి కొంత ఊరట కలిగింది. కొలిస్తే 812 అడుగులు. అడుగుకు పదహారు ఫ్రేములు. చేత్తో తిప్పితే సెకనుకు పదహారు. అంటే 13 నిమిషాల 32 సెకన్ల సినిమా. లోపలి చుట్లు, పేర్లు వచ్చే భాగం, 40 అడుగులు కరిగి బెల్లం పాకంలా ముద్దకట్టాయి. అవి పోయినట్టేనని చెప్పాను.

"పేర్లు నేను నోటితో చెబుతాను" అన్నారు.

కథ అడిగాను. కట్టెలు కొట్టేవాడొకడు ఉచ్చులో పడ్డ నక్కను వదిలేస్తాడు. కొన్నాళ్ళకు ఒక స్త్రీ ఇంటికి వస్తుంది, పెళ్ళవుతుంది, బిడ్డ పుడతాడు. ఆమె నక్క అని ఒకరోజు బయటపడుతుంది. ఆమె వెళ్ళిపోతుంది. అలాంటి కథలు అక్కడ ఊరికొకటి ఉన్నాయట. మూకీలు వచ్చిన కొత్తలో వాటిని విరివిగా తీశారట, ఎందుకంటే మనిషి మాయమవడం, మారిపోవడం కెమెరాకు సులువు.

"ఎలా బయటపడుతుంది?"

"అది చెప్పను. మా నాన్న ముందుగా చెప్పేవాడు కాదు. తెర మీద చూడాలి."

ఆవిడ మాటను గౌరవించి మళ్ళీ అడగలేదు. నాటకాల్లో చూసినట్టు, ముఖానికి తొడుగు వేసుకుని పెద్ద నక్క ఒకటి గెంతుతుందని అనుకున్నాను.

భూతద్దంలో పెళ్ళాం ముఖం చూసి, "ఈమె మగవాడు" అన్నాను. గొంతు ముడి కనిపించింది. కియో గారు చప్పట్లు కొట్టారు. మొదట్లో అక్కడ సినిమాల్లోనూ ఆడవేషాలు మగవాళ్ళే కట్టేవారట. మన నాటకాల సంగతి చెప్పాను. బందరులో మూకీల డేరాలో కర్ర పట్టుకుని కథ చెప్పే మనిషి ఉండేవాడని మా మేనమామ చెప్పిన సంగతీ చెప్పాను. "అతనికి జీతం ఎక్కువా, నటులకా?" అని అడిగారు. తెలియదన్నాను. వాళ్ళ ఊళ్ళో తండ్రి పేరే గోడ మీద పెద్దక్షరాల్లో రాసేవారట.

జిదాఫ్స్‌లో గోళ్ళ రంగు

జిగురు సీసా విమానాశ్రయంలో పోయింది. పాత ఫిల్ము ముక్కలను ఎసిటోనులో కరిగిస్తే జిగురు తయారవుతుంది. ఎసిటోను ఆడవాళ్ళ గోళ్ళ రంగు తుడిచే మందులో ఉంటుంది. ఆ సాయంత్రం జిదాఫ్స్ బజారుకు వెళ్ళాం. ఎండుచేపలు, ప్లాస్టిక్ బకెట్లు, బంగారం, నిమ్మకాయలు అన్నీ ఒకే వరసలో. మలయాళీ కొట్టతను నా నేతచీర, బోసి చేతులు చూసి, ఆరు సీసాలు ఎందుకని హిందీలో అడిగాడు.

"మా పెద్దమ్మకి పెళ్ళి భాయ్" అంది వరలక్ష్మి.

"ముబారక్! అయితే రంగు కూడా తీసుకోండి, ఎరుపు బాగుంటుంది."

సీసా మూడు వందల ఫిల్సు. మన డబ్బుల్లో పాతిక రూపాయలు. విజయవాడలో అందులో సగానికి దొరుకుతుంది. ఆ మాట అంటే వరలక్ష్మి నా మోచెయ్యి పట్టుకుని బయటికి లాగింది.

బయట గంగారాం కనిపించాడు. జగిత్యాల వైపు మనిషి, నలభై ఏళ్ళుంటాయి, ఇళ్ళ కట్టుబడి పని. జిదాఫ్స్ అవతల క్యాంపులో ఉంటాడు. వరలక్ష్మి అతన్ని రమ్మన్న కారణం వేరు. ఏడేళ్ళు టూరింగు టాకీసులో ఆపరేటరుగా చేశాడు. కియో గారి పెట్టెలో తండ్రి నాటి, చేత్తో తిప్పే ప్రొజెక్టరు ఉంది.

"నక్క తోక తొక్కొచ్చినవమ్మా" అన్నాడు నన్ను చూసి. "మేం అప్పు జేసి దుబాయి వస్తిమి. నిన్ను పిలిపిచ్చుకున్నరు."

ఇది బహ్రెయిన్ కదా అన్నాను.

"గదే, దుబాయే. మావోళ్ళకు అన్నీ దుబాయే."

ఆ నక్క తోక మాట కియో గారికి చెబితే ఆవిడ నిజంగానే ఉలిక్కిపడ్డారు. వాళ్ళ దేశంలో నక్క తోక ఎవరూ తొక్కరట. పంటల దేవత వాకిట్లో రాతి నక్కలు మెడకు ఎర్రగుడ్డ కట్టుకుని కూర్చుంటాయట. వాటికి నైవేద్యం పెడతారట.

నక్క నైవేద్యం

ఆ నైవేద్యం శనివారం తిన్నాను. సోయా పాలు విరగ్గొట్టి గడ్డకట్టించి, పల్చగా కోసి, సంచుల్లా పొంగేలా నూనెలో వేయించి, తీపి ఉప్పుల్లో ఉడికించి, ఆ సంచుల్లో పుల్లటి అన్నం కూరుతారు. చింతపండు లేని పులిహోర, పోపు లేని పులిహోర. నాలుగు తిన్నాను. నక్కలకు ఇది ప్రాణమట. మనిషి వేషంలో ఉన్న నక్క కూడా దీని వాసనకు ఆగలేదట. కల్లు తాగితే తోక దాచుకోవడం మరిచిపోతుందట. కుక్కలు మాత్రం వేషానికి మోసపోవట.

ఇదంతా చెప్పి, "మీ నక్కలు ఏం చేస్తాయి?" అన్నారు.

"మోసం చేస్తాయి. కాని పెళ్ళి చేసుకోవు" అన్నాను. మన నక్క జాతి వేరు, వాళ్ళ నక్క జాతి వేరు అని కూడా చెప్పాను.

పని సాగింది. యంత్రం పళ్ళు పట్టే అంచు రంధ్రాలు చిరిగినచోట్లు ముప్ఫై ఏడు, విడిపోయిన పాత అతుకులు తొమ్మిది. కోసిన ముక్కలను బకెట్ నీళ్ళలో వెయ్యడం నైట్రేటు రోజుల నియమం, నిప్పు భయానికి. బకెట్ వరండాలో పెట్టించాను. ఇంట్లో అగరుబత్తి కూడా వెలిగించనివ్వలేదు.

7వ తేదీ ఆదివారం ఉదయం, రీలు మధ్యలో రెండు పాత అతుకులు దగ్గర దగ్గరగా వచ్చాయి. నడుమ పంతొమ్మిది ఫ్రేములు. రెండు అతుకుల మధ్య ఇరవైకి తక్కువ ఉంటే ఆ ముక్క ఉంచకూడదు, యంత్రంలో ఇరుక్కుని తెగుతుంది. తీసేసి రెండు అతుకులనూ ఒకటి చెయ్యాలి. ఇది మా ఆఫీసు నియమం. ముప్ఫై ఆరేళ్ళలో కొన్ని వందలసార్లు చేశాను. కాగితపు తలుపు వెనక పెళ్ళాం నీడ కనిపించే చోటు అది. ఆ ముక్కలో కొన్ని ఫ్రేముల్లో తలుపు మీద నల్లటి మచ్చ ఉంది. బూజు అనుకున్నాను. తీశాను. పుస్తకంలో రాశాను: "19 ఫ్రేములు. అందులో 11 ఫ్రేములకు తలుపు మీద మరక, పైన రెండు మొనలు." ముక్క బకెట్లో వేశాను.

గాడిద కాళ్ళు

బుధవారం అబూ యూసుఫ్ హల్వా డబ్బా పట్టుకుని వచ్చాడు. బందరు హల్వాలాగే జారుతుంది, కుంకుమపువ్వు, ఏలకులు ఎక్కువ. చేదు కాఫీతో తినాలి. నక్క సంగతి విని, వాళ్ళ చిన్నప్పుడు మిట్టమధ్యాహ్నం వీధిలోకి వెళితే గాడిద కాళ్ళ ఆడమనిషి పట్టుకుంటుందని బెదిరించేవారన్నాడు. పైకి మామూలు ఆడమనిషేనట. నల్ల బట్ట కింద కాళ్ళు చూస్తేనే తెలుస్తుందట.

"మా దెయ్యాలకి పాదాలు వెనక్కి తిరిగి ఉంటాయి" అంది వరలక్ష్మి. "మావూళ్ళో సింహాచలం మావయ్య చూసేడంట. ఆయ్, నిజం."

"తాగి చూశాడా?" అన్నాడు అబూ యూసుఫ్.

"తాగకుండా ఆయన ఏదీ సూడలేదండి."

మూడు దేశాల మాయలాడీలూ నడుం కిందే దొరికిపోతున్నారని నేనన్నాను. కియో గారు చాలాసేపు నవ్వారు. "మా సినిమాలో అలా కాదు. శుక్రవారం చూడండి" అన్నారు.

శుక్రవారం

12వ తేదీ మధ్యాహ్నం మూడున్నర. శుక్రవారం గంగారాంకు డ్యూటీ లేదు. కిటికీలకు దుప్పట్లు కట్టాం. గోడకు తెల్ల దుప్పటి. ప్రొజెక్టరుకు చిన్న బల్బు పెట్టాడు, వేడి తక్కువని. నేను ఇసుక బకెట్ పక్కన కూర్చున్నాను.

"అమ్మా, నువ్వు గట్ల నా చెయ్యి దిక్కు సూడకు. భయమైతది."

"పదహారు తప్పకు."

"తప్పనమ్మా. ఏడేండ్లు గిదే పని."

కియో గారు ముదురు నీలం పట్టు బట్ట కట్టుకుని తెరకు ఎడమ పక్క నిలబడ్డారు. చేతిలో కాగితం లేదు. పేర్ల భాగం చీకట్లోనే చెప్పారు. బొమ్మ వెలిగింది. ఆ గొంతు ఆవిడది కాదు. కట్టెలవాడికి ఒక గొంతు, పెళ్ళానికి ఒక గొంతు, గాలికి ఇంకొకటి. నాకు ఒక్క మాటా అర్థం కాలేదు, ఒక్క మాటా వదలలేదు. బిడ్డకు పాలిచ్చే చోట వరలక్ష్మి కొంగు నోట్లో కుక్కుకుంది. ఆమె పిల్లవాడు రాజోలులో ఉన్నాడు.

కాగితపు తలుపు వచ్చింది. వెనక దీపం, పెళ్ళాం నీడ. కియో గారు చెయ్యెత్తి, తెర వైపు చూపిస్తూ, రెండు మాటలు గట్టిగా అన్నారు.

తెర మీద పెళ్ళాం నీడే ఉంది. తలుపు తెరుచుకుంది. బొమ్మ ముందుకు పోయింది.

ఆవిడ చెయ్యి అలాగే ఉండిపోయింది. నలభై సెకన్లు మాట లేదు. తర్వాత మామూలు గొంతుతో, తగ్గించి, చివరిదాకా చెప్పారు. చివరి బొమ్మలో ఖాళీ పొలం, గాలికి ఊగే గడ్డి.

కిటికీ దుప్పట్లు తొలగించగానే వరలక్ష్మిని పిలిచారు. "నక్కను చూశావా? తలుపు మీద?"

వరలక్ష్మి నా వైపు చూసింది. "సరిగ్గా సూడలేదు మేడం" అంది.

"నాకు కనిపించలేదు." ఆవిడ కుర్చీలో కూర్చుని రెండు అరచేతులతో కళ్ళు మూసుకున్నారు. "మధ్య చూపు కూడా పోయిందన్నమాట. ఇంత త్వరగా అనుకోలేదు."

అప్పటికి నాకు అర్థమైంది. పుస్తకం తియ్యకముందే అర్థమైంది. నేను నోరు మూసుకుంటే ఆ గదిలో ఎవరికీ తెలియదు, ఆవిడ కళ్ళే తప్పు చేశాయని అందరూ నమ్ముతారు.

"మీ కళ్ళు కాదు" అన్నాను. "నేను కోశాను."

పుస్తకం తెరిచి 7వ తేదీ రాత ఇంగ్లీషులో చదివాను. మరక అనే మాట దగ్గర ఆవిడ చేతులు దించారు.

"ఆ మరకకు చెవులున్నాయా?"

"రెండు మొనలు అని రాశాను."

ఆవిడ లేచి వరండాలోకి వెళ్ళారు. వెనకే మేమందరం. విజయవాడలో ఆ నీళ్ళు మట్టి తొట్టిలో చల్లగా ఉండేవి, ముక్కలు సాయంత్రానికే పారబోసేవాళ్ళం. ఇక్కడ ఆగస్టులో కుళాయి నీళ్ళే కాగుతుంటాయి. వరండాలో అయిదు రోజులు. బకెట్లో చెయ్యిపెడితే బొమ్మలన్నీ పూత ఊడి, నీళ్ళ అడుగున నల్లటి జిగటలా దిగి ఉన్నాయి. చేతికి వచ్చిన ముక్క గాజులా తెల్లగా ఉంది. కియో గారు దాన్ని ఎండకు పట్టి చూసి, నాకు తిరిగి ఇచ్చారు.

ఆవిడకు కోపం వచ్చింది. అది దాచుకోలేదు. నా వైపు చూడకుండా కిటికీ దగ్గరికి వెళ్ళి, తల కదపకుండా చెట్లు లెక్కపెట్టారు. "పన్నెండు" అన్నారు. కొంతసేపటికి మళ్ళీ, "పన్నెండే" అన్నారు.

పంతొమ్మిది

గంగారాం తల గోక్కున్నాడు. "అమ్మా, మా టాకీసుల రీలు తెగితే నల్ల పట్టీ ఏసి అతికిచ్చేటోళ్ళం, లెక్క తప్పకుండ. గట్ల జేస్తే?"

నాకు ముందే తోచవలసిన మాట అది. నా పెట్టెలో రీళ్ళ మొదట్లో కట్టే నల్ల ఫిల్ము ఉంది.

"ఎంతసేపు ఉంటుంది ఆ నలుపు?" కియో గారు అడిగారు.

"పంతొమ్మిది ఫ్రేములు. ఒక సెకను, పైన సుమారు అయిదో వంతు."

ఆవిడ పెదవులు కదిపి, ఆ రెండు మాటలు లోలోపల అని చూసుకున్నారు. "చెయ్యండి. మీరు మాత్రం రెండుసార్లు లెక్కపెట్టండి."

మూడుసార్లు లెక్కపెట్టాను. ఇరవైకి తక్కువ ముక్క ఉంచకూడదన్న ఆఫీసు నియమాన్ని ఆ రోజు పక్కన పెట్టాను. అతుకు ఆరేలోగా వరలక్ష్మి టీ పెట్టింది. అయిదూ ఇరవైకి మళ్ళీ దుప్పట్లు కట్టాం. అబూ యూసుఫ్ కూడా వచ్చి తలుపు దగ్గర కూర్చున్నాడు.

ఈసారి గొంతు తగ్గలేదు. కాగితపు తలుపు వచ్చింది, నీడ వచ్చింది, ఆవిడ చెయ్యెత్తారు. తెర నల్లబడింది. ఆ చీకట్లో రెండు మాటలు వినిపించాయి. వెలుతురు వచ్చేసరికి మాటలు అయిపోయాయి, ఒక్క అక్షరం కూడా వెలుతురులోకి రాలేదు. గంగారాం చెయ్యి ఆగలేదు. ఖాళీ పొలం దాకా ఆవిడ కథ పూర్తి చేశారు.

ఆ రెండు మాటలకు అర్థం అడిగాను.

"'తలుపు చూడండి.' అంతే. మిగతాది బొమ్మ చెప్పేది."

నన్ను ఆవిడ క్షమించానని అనలేదు. నేనూ అడగలేదు. "సమయం సరిపోయింది" అన్నారు. 15వ తేదీ సోమవారం నేను బయలుదేరేటప్పుడు నక్క నైవేద్యం ఆరు పొట్లాలు కట్టి ఇచ్చారు, సంచి మాత్రం నన్ను మొయ్యనివ్వలేదు.

విమానంలో పుస్తకం తీసి లెక్క ముగించాను. అది ఇది.

చేతికి వచ్చిన నిడివి 812 అడుగులు. ముద్దకట్టి పోయినవి 40 అడుగులు. చిరిగి తీసేసినవి 5 అడుగుల 2 ఫ్రేములు. చిరగకుండానే నేను తీసేసినవి 19 ఫ్రేములు. వాటిలో నక్క ఉన్నవి 11. మిగిలిన రీలులో నక్క లేదు.